మూగచిత్రములలో క్రీడాభిమాని - వీరాభాస హాస్యము

శ్రీకాకుళ పట్టణమున కోడి రామమూర్తి పేరను, విజయనగరమున విజ్జీ పేరను క్రీడాస్థలములు గలవు. మొదటివాడు ఱొమ్ముపై నేనుగును మోసిన మల్లుడు. రెండవవాడు క్రికెట్ ఆటమీది మిక్కుటమైన యభిమానముచే ధనము వెచ్చించి, తుదకు భారతజట్టునకు నాయకుడైన రాజకుమారుడు. ఒకడు వీరుడు, మఱియొకడు వీరాభిమాని. వీరి పేర్లు దేశమున వినవచ్చిన దినములలోనే పాశ్చాత్య దేశములందు మూగచిత్రములు పుట్టి, పెరిగి, అంతరించినవి. ఆ చిత్రములలో క్రీడాభిమాని యొక హాస్యపాత్రముగా రూపొందెను. ఆ పాత్రమువలన గలుగు నవ్వు ఎక్కడ పుట్టుచున్నది? మన యాలంకారికులు చెప్పిన హాస్యలక్షణము దాని కెంతవరకు సరిపడును? ఏ యెల్ల దాటినచో ఆ నవ్వు నవ్వుగా నిలువదు? ఈ మూడు ప్రశ్నలను విచారించుట యీ వ్యాసమున కుద్దేశము.

అభిమాన శబ్దము

ఆటను జూచి మురిసిపోవువానిని ఆంగ్లేయులు 'ఫాన్' అందురు. మతోన్మాదిని దెలుపు 'ఫనాటిక్' అను మాటనుండి యిది సంక్షిప్తమై వచ్చినదని పలువురి మతము. మనవారు వానిని 'అభిమాని' యనిరి. ఈ మాట ఆంగ్లపదముకంటె లోతైనది. అభిమాన మనగా కేవల ప్రీతి కాదు. తనది కానిదానిని తనదిగా, తాను కానిదానిని తానుగా దలచుట. సాంఖ్యులు అహంకారమునకు అభిమానమునే లక్షణముగా జెప్పిరి. దేహమే నేననుకొనుట దేహాభిమానమని వేదాంతులు వాడుదురు. మైదానమున నెవ్వడో పరుగెత్తగా గట్టున గూర్చున్నవాడు "మనము గెలిచితిమి" అని యెగిరి గంతువేయును. ఈ 'మనము' అను మాటలో అభిమాన శబ్దార్థ మంతయు నిమిడియున్నది. పరుగు ఒకనిది, ఆయాసము వేఱొకనిది. చెమట యాటగానిది, గర్వము చూపరిది. క్రీడాభిమానిని గూర్చిన హాస్యమునకు బీజ మీ యెడమునందే కలదు.

వీరాభాసము

భరతముని శృంగార రౌద్ర వీర బీభత్సములను మూలరసములుగా జెప్పి, శృంగారమునుండి హాస్యమును, వీరమునుండి అద్భుతమును పుట్టునని తెలిపెను. శృంగారము ననుకరించుటయే హాస్యమునకు హేతువని యాయన యభిప్రాయము. అభినవగుప్తు డీ మాటను విస్తరించి, శృంగారమే కాదు, ఏ రసముయొక్క యాభాసమైనను హాస్యమునకు కారణము కాగలదని వ్యాఖ్యానించెను. అనౌచిత్యముచేత రసము ఆభాసమగును. రావణుడు సీతపై గొన్న కోరిక దీని కుదాహరణము. రావణుని కోరికలో తీవ్రతకు లోపము లేదు. అది యుంచరాని చోట నుంచబడినది గనుక శృంగారము కాక శృంగారాభాస మయ్యెను.

ఈ సూత్రమును క్రీడాభిమానికి అన్వయించి చూతము. వీరరసమునకు స్థాయి ఉత్సాహము. అభిమానియం దుత్సాహము కొఱత లేదు సరికదా, పెక్కుమారు లాటగానియందున్న దానికంటె నధికముగా నుండును. కాని పోరాడు శత్రువు వానికెదుట లేడు. పోరాడదగిన శక్తియు వానియందు లేదు. స్థాయి యున్నది, ఆలంబనము మఱియొకనిది. కావున వానియందు గోచరించునది వీరము కాదు, వీరాభాసము. నిజమైన వీరుని జూచినపుడు ప్రేక్షకునకు గలుగునది ఆశ్చర్యము. వీరాభాసమును జూచినపుడు గలుగునది నవ్వు.

తెలుగువారి కీ వీరాభాసము క్రొత్తది కాదు. ఉత్తరకుమారుడు దానికి శాశ్వతమైన మూర్తి. కౌరవులు గోవులను బట్టిరని విని, అంత:పుర స్త్రీలయెదుట, తగిన సారథి యొక్కడు దొరకిన చాలునని యాతడు బిరుదములు పలికెను. తీరా సేనాసముద్రమును గన్నులార జూచినంతనే రథమునుండి దుమికి పరుగులెత్తెను. 'ఉత్తరకుమార ప్రజ్ఞలు' అను జాతీయము నేటికిని తెలుగునాట వాడుకలో నున్నది. తిక్కన గారి విరాటపర్వమును జదివిన వారెల్లరు ఇచట నవ్వినవారే. అయితే ఆ నవ్వు ద్వేషముతో గూడినది కాదు. ఉత్తరుని కథ పరుగుతో ముగియదు. బృహన్నల వానిని బట్టి తెచ్చి, ధైర్యముచెప్పి, పగ్గములు చేతికిచ్చెను. ఉత్తరుడు సారథియై యుద్ధమునకు బోయెను. గెలుపు తరువాత తండ్రి తన్ను గొనియాడగా, గెలిచినది తాను గానని నిజము పలికెను. ఈ తుదిభాగమును గూడ జ్ఞాపకమునం దుంచుకొనవలెను. ముందు దీనితో మనకు పని యున్నది.

స్లాప్‌స్టిక్ అనగా నేమి

పడుట, లేచుట, తన్నుట, తన్నులు తినుట, తఱుముట మొదలగు దేహచేష్టలచే నవ్వించు హాస్యమును ఆంగ్లమున 'స్లాప్‌స్టిక్' అందురు. ఈ పేరు ఇటలీదేశపు పాత హాస్యనాటకములలోని యొక సాధనమునుండి వచ్చినది. రెండు పలుచని చెక్కల నొకకొన గలిపి చేసిన యా కఱ్ఱతో కొట్టినపుడు చెక్క లొకదానికొకటి తగిలి పెద్ద చప్పుడగును, దెబ్బమాత్రము స్వల్పము. శబ్దము మెండు, తాకుడు తక్కువ. విచారించి చూచిన క్రీడాభిమాని స్వరూపమును ఇట్టిదే. కేకలు వానివి, దెబ్బలు మఱియొకరివి.

ఇక్కడ నొక చిత్రము గమనింపదగియున్నది. అభిమానికి ప్రాణమైనది కేక. మూగచిత్రము ఆ కేకను వాని నోటినుండి తీసివైచినది. చతుర్విధాభినయములలో వాచికము పోయి ఆంగిక సాత్త్విక ఆహార్యములు మిగిలెను. ధ్వని పోగా ఆ యుత్సాహమంతయు దేహమునకు దిగెను. కూర్చున్నచోటనే కాలు తన్నుట, ప్రక్కవాని టోపీని నలుపుట, పిడికిలితో గాలిని గొట్టుట యనువానిని ప్రేక్షకుడు మొదటిసారి స్పష్టముగా జూచెను. నిజమైన క్రీడాస్థలమున మన మందఱమును అరచుచుందుము గనుక ఒకరి చేష్టల నొకరు చూడము. మూగచిత్రము ఆ గోలను తీసివేసి చేష్టను మాత్రము నిలిపినది. అందుచేతనే క్రీడాభిమాని హాస్యమునకు మూగచిత్ర మంతగా అనుకూలించెను.

కొన్ని చిత్రముల పరిశీలన

ఈ పాత్రము సినిమా యొక్క శైశవమునందే పుట్టినది. 1906లో ఎడిసన్ సంస్థకై ఎడ్విన్ పోర్టర్ తీసిన 'హౌ ది ఆఫీస్ బాయ్ సా ది బాల్ గేమ్' అను చిన్న చిత్రమున కచేరిలో పనిచేయు కుఱ్ఱవాడు పని యెగవేసి బేస్‌బాల్ ఆట జూడబోవును. కథ యింతియే. కాని యందు అభిమానియొక్క మొదటి లక్షణము స్థిరపడినది: ఆటకొఱకు స్వధర్మమును విడుచుట.

1914 ఫిబ్రవరిలో కీస్టోన్ సంస్థవారు విడుదలచేసిన 'కిడ్ ఆటో రేసెస్ ఎట్ వెనిస్' మఱింత విశేషమైనది. చార్లీ చాప్లిన్ యొక్క ప్రసిద్ధమైన దేశదిమ్మరి వేషము లోకమునకు మొదట గానవచ్చినది యీ చిత్రముననే. కాలిఫోర్నియాలోని వెనిస్ పట్టణమున బాలుర బండ్ల పందెము నిజముగా జరుగుచుండగా, నిజమైన ప్రేక్షకుల నడుమ దీనిని తీసిరి. పందెమును జిత్రించుటకు నిలిపిన కెమెరా యెదుటికి ఒక చూపరి మాటిమాటికి వచ్చి నిలుచును. ఎంత నెట్టినను మరల వచ్చును. పందెమేమో వాని కక్కఱలేదు, తాను కనబడవలెను. అభిమానము ఆటను మీఱి ఆత్మప్రదర్శనముగా మాఱు తీరును ఆఱేడు నిమిషములలో చాప్లిన్ చూపెను. చుట్టునున్న జనులు మొదట వానిని నిజమైన యల్లరివాడనుకొని, పిమ్మట నవ్వ మొదలిడుట తెరపై గానవచ్చును. చూచువారిని మనము చూచుచుందుము. ఆ చూచువారు మనవలెనే యుందురు. హాస్యము తనయందును పరునియందును నుండునని భరతుడు చేసిన విభాగము నిచట స్మరించుకొనవచ్చును. పరుని జూచి మొదలైన నవ్వు తన్ను జూచుకొని ముగియును.

1925లో వచ్చిన హెరాల్డ్ లాయిడ్ చిత్రము 'ది ఫ్రెష్‌మన్'. ఇందు నాయకుడు కళాశాలలో క్రొత్తగా జేరిన విద్యార్థి. ఫుట్‌బాల్ జట్టులో జేరవలెనని వాని కాశ. ఆటగాండ్రు మీదబడి పట్టుట నభ్యసించు బొమ్మ చినిగిపోగా, ఆ బొమ్మకు బదులు వీడే నిలిచి రోజంతయు దెబ్బలు తినును. తాను జట్టులోని వాడనని వాని నమ్మకము. ఇతరుల దృష్టిలో వాడు నీళ్లందించువాడు. ఈ నమ్మకమునకును నిజమునకును నడుమనున్న దూరమే చిత్రమందలి నవ్వంతయు. తుదిపోటీలో ఆటగాండ్రు వరుసగా గాయపడగా, వేఱు గతిలేక వీనిని దింపుదురు, వాడు గెలిపించును. ఈ పోటీలోని జనసమూహమును 1924 నవంబరులో కాలిఫోర్నియా, స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయముల నడుమ బర్క్లీలో జరిగిన నిజమైన పోటీ విరామసమయమున చిత్రించిరి. ఆభాసము తుదకు సత్యమగుట యీ చిత్రమందలి రహస్యము. సినిమా యభిమానికి వరమిచ్చినది.

1928లో టెడ్ వైల్డ్ దర్శకత్వమున వచ్చిన 'స్పీడీ' యందు లాయిడ్ మఱల క్రీడాభిమానిగా గనబడును. న్యూయార్కు నగరమున పానీయముల దుకాణములో పనిచేయు నితడు, ఆట ఫలితమును టెలిఫోనులో దెలిసికొని, వంటగదిలోని తోటివారికి దానిని దెలుపవలసియుండును. అద్దాల బీరువాలోని తినుబండారములనే అంకెలుగా నతడు పేర్చును. మన గారెవలె నడుమ చిల్లుగల తీపివంటకము సున్న. పొడవుగా మెలివెట్టినది ఒకటి. వడ్డింపవలసిన వంటకము వార్తగా మాఱెను. తరువాత నతడు టాక్సీ నడుపుచుండగా, 1927లో 60 హోమ్ రన్లు గొట్టి జగత్ప్రసిద్ధుడైన బేబ్ రూత్ స్వయముగా వచ్చి బండి యెక్కును. తన దేవుడు వెనుక గూర్చుండగా ముందుకు చూడ నెవ్వనికి మనసగును? తల వెనుకకు ద్రిప్పి మాటలాడుచు నిండు వీథులలో బండి తోలుచుండ, ఆ మహావీరుడు ప్రాణము లఱచేత బెట్టుకొని గడగడలాడును. ఇచట రసములు తారుమాఱైనవి. వీరునకు భయానకము, అభిమానికి ఉత్సాహము. భక్తి మితిమీఱిన దేవునికే ప్రమాద మను సత్యము నింత తేలికగా జెప్పిన ఘట్టము మఱియొకటి యరుదు.

అదే 1928లో బస్టర్ కీటన్ నటించిన 'ది కెమెరామన్' వచ్చినది. వార్తాచిత్రములు తీయ బ్రయత్నించు నాయకుడు ఆటను చిత్రింపవలెనని యాంకీ క్రీడాస్థలమునకు బోవును. ఆ దినమున జట్టు వేఱొక నగరమున నాడుచున్నది. వేలమంది పట్టు ఖాళీ మైదానమున నితడొక్కడే నిలిచి, బంతి లేకయే విసరును, కఱ్ఱ లేకయే కొట్టును, పరుగెత్తును, పడును, లేని జనమునకు టోపీ తీసి నమస్కరించును. నవ్వు వచ్చును, కాని యా నవ్వునందొక తడి గలదు. భరతుడు హాస్యమును స్మితము మొదలు అతిహసితము వఱకు ఆఱు విధములుగా విభజించి, మొదటి రెండును ఉత్తమప్రకృతుల కుచితము లనెను. కీటన్ ఘట్టము గలిగించునది స్మితము. ప్రతి చూపరి మనస్సునను ఇట్టి ఖాళీ మైదాన మొకటి యుండును. అందు వాడొక్కడే యాడుచు గెలుచుచుండును.

తెలుగునాట మూగచిత్రము

రఘుపతి వెంకయ్య మదరాసున సినిమాశాల నిర్మించి, కుమారుడు ప్రకాశునితో గలిసి 1921లో 'భీష్మప్రతిజ్ఞ' తీసిన నాటినుండి తెలుగువారి మూగచిత్ర చరిత్ర మొదలైనది. 1932లో 'భక్త ప్రహ్లాద' వచ్చుటతో తెలుగు తెరకు మాట వచ్చెను. ఈ నడుమ తెలుగువారు తీసిన మూగచిత్రము లధికముగా పౌరాణికములు. చాప్లిన్, లాయిడ్ మొదలగువారి హాస్యచిత్రములు విదేశములనుండి వచ్చి భారతదేశమున విరివిగా నాడినవి. తెరప్రక్కన నొక వ్యాఖ్యాత నిలిచి, ఆంగ్లమున బడిన వాక్యములను దేశభాషలో జదివి, కథను గూర్చి చమత్కరించుచుండెడివాడు. అనగా విదేశములందు మూగయైన చిత్రము మనవద్ద పూర్తిగా మూగ కాదు. దానికి వాచికమును మనవారు చేర్చికొనిరి.

ఇట్లు చేర్చుట మనకు సహజము. తోలుబొమ్మలాటలో కేతిగాడు, జుట్టుపోలిగాడు, బంగారక్క యను హాస్యపాత్రలు పురాణకథలోనివి కావు. రామరావణ యుద్ధము జరుగుచుండగా నడుమ దూఱి, వీరుల గంభీరచేష్టలను వెక్కిరించి, చూపరుల భాషలో మాటలాడి పోవుచుందురు. వీరు వీరగాథకు గట్టుననుండి వచ్చినవారు, చూపరుల ప్రతినిధులు. ఈ దృష్టితో జూచిన చాప్లిన్ చూపరియు, లాయిడ్ టాక్సీవాడును కేతిగాని బంధువర్గములోని వారే.

విజయనగరపు నిజకథ

తెరమీది వీరాభాసమును విచారించితిమి. అదే యభిమానము నిజజీవితమున మైదానములోనికి దిగిన నేమగునో తెలుపుటకు ఉత్తరాంధ్ర చరిత్ర మనకొక జంటను ప్రసాదించినది.

కోడి రామమూర్తి నాయుడు 1882లో వీరఘట్టమున జన్మించెను. విజయనగరమున వ్యాయామ మభ్యసించి, అచటనే వ్యాయామోపాధ్యాయుడై, తరువాత సర్కసు సంస్థ నెలకొల్పి దేశవిదేశములు తిరిగెను. ఱొమ్మునకు జుట్టిన గొలుసును ఊపిరి బిగించి తెంచుట, చేతులకు గట్టిన మోటారుకార్లను కదలనీయకుండుట యాతని ప్రసిద్ధ ప్రదర్శనములు. ప్రజలు 'కలియుగ భీము'డని పిలిచిరి. 1942లో ఆయన మరణించెను. ఈ ప్రదర్శనములను జూచినవారికి గలిగినది అద్భుతము. వీరమునుండి అద్భుతము పుట్టునన్న భరతవాక్యమునకు వేఱు నిదర్శన మక్కఱలేదు.

పూసపాటి విజయానంద గజపతిరాజు 1905 డిసెంబరు 28న విజయనగర రాజవంశమున ద్వితీయపుత్రుడుగా జన్మించెను. క్రికెట్ లోకము 'విజ్జీ' యని పిలిచినది యీయననే. కాశిలో నివసించి, అచట క్రీడాస్థల మేర్పరచి, ఆటను పోషించెను. శాసనోల్లంఘనోద్యమ కారణమున 1930-31లో ఇంగ్లండు జట్టు రాక నిలిచిపోగా, ఆ దేశపు మహాక్రీడాకారులగు జాక్ హాబ్స్, హెర్బర్ట్ సట్‌క్లిఫ్‌లను రప్పించి, సొంత జట్టుతో భారతదేశమును సింహళమును తిప్పెను. హాబ్స్ ఆటను మన దేశమున గన్నులార జూచు భాగ్యము ఆనాటి ప్రేక్షకులకు గలుగుటకు ఈ యభిమానియే కారణము. ఇచట నాతడు సారథి స్థానమున నుండెను; రథము చక్కగా నడచినది.

1932లో భారతజట్టు మొదటి టెస్టు కై ఇంగ్లండు పోవునపుడు విజ్జీ ధనసహాయము చేసెను. ఆయనకు 'ఉప ఉపనాయకుడు' అనదగిన యొక క్రొత్త పదవి కల్పింపబడెను. హాస్యచిత్రమునకు దగిన యీ పదవి నాతడు వహింపక విరమించుకొనెను. ఆ సంవత్సరము టెస్టులో జట్టును నడపినది నాగపురమున బుట్టిన తెలుగువాడు సి. కె. నాయుడు. 1926లో బొంబాయిలో గిల్లిగన్ జట్టుపై 11 సిక్సర్లతో 153 పరుగులు చేసి ప్రజల నాశ్చర్యచకితులను జేసిన వీరు డాతడే.

1936లో నాయకత్వము విజ్జీకి లభించెను. ఆడిన మూడు టెస్టులలో రెంటిని భారతజట్టు ఓడి, ఒకటి సమముగా ముగించెను. నాయకుడు ఆఱు ఇన్నింగ్సులలో చేసిన మొత్తము 33 పరుగులు, సగటు 8.25. జట్టులో చీలికలు ముదిరినవి. చక్కగా నాడుచున్న లాలా అమర్‌నాథ్‌ను మొదటి టెస్టునకు ముందే క్రమశిక్షణ పేర స్వదేశమునకు పంపివైచిరి. పిదప విచారణ జరిపిన బోమంట్ సంఘము 1937లో విజ్జీ నాయకత్వమును దప్పుపట్టినది. ఆ పర్యటనముననే యాయనకు 'సర్' బిరుదము వచ్చుట ఈ కథలోని మఱియొక వైచిత్రి. 1947లో ఆ బిరుదము నాయన వదలుకొనెను.

ఇది 'ది ఫ్రెష్‌మన్' కథయే; కాని ముగింపు వేఱు. తెరపై నీళ్లందించువాడు మైదానమున దిగి గెలిచెను. చిత్రకథలో ఆభాసమును సత్యముగా మార్చుట కథకుని చేతిలోనిది. జీవితమున అట్టి కథకుడు లేడు. లాయిడ్ పాత్రము దిగినపుడు ఎవరి స్థానమును అపహరింపలేదు; ఇతరులు గాయపడి తొలగిరి. ఇచట నొక సమర్థుడైన యాటగాడు ఓడనెక్కి తిరిగిపోవలసివచ్చెను. పరుల నష్టము తోడైనపుడు వీరాభాసము హాస్యమునకు నిలువదు. స్లాప్‌స్టిక్ కఱ్ఱ చప్పుడు చేయుట మాని నిజముగా తగిలినచో దాని నెవ్వరు చూచి నవ్వుదురు?

అయినను విజ్జీని కేవలము పరిహాసపాత్రముగా జూచుట న్యాయము కాదు. 1954 నుండి కొంతకాలము భారత క్రికెట్ నియంత్రణ మండలి యధ్యక్షుడుగా నుండెను. 1959లో భారతజట్టు ఇంగ్లండున నాడినపుడు బి.బి.సి.కి అతిథి వ్యాఖ్యాతగా బనిచేసెను. 1965లో మరణించువఱకు ఆటనే ప్రేమించెను. మైదానమున సాధింపలేనిది మైదానము వెలుపల సాధించెను. ఉత్తరకుమారుడు మొదట పరుగెత్తి పిదప సారథియయ్యెను. విజ్జీ మొదట సారథియై, నడుమ విల్లందుకొని, మరల పగ్గములకు వచ్చెను.

ముగింపు

ఇంతవఱకు జేసిన విచారణవలన తేలిన యంశములివి. క్రీడాభిమాని హాస్యమునకు మూలము వీరాభాసము. ఉత్సాహ మొకనియందును, దాని కాలంబన మింకొకనియందును నుండుటయే దాని లక్షణము. కేకను తొలగించి చేష్టను మిగిల్చిన మూగచిత్రము ఈ యాభాసమును మిక్కిలి స్పష్టముగా జూపగలిగెను. ఆ నవ్వు నిందాత్మకము కాదు. చూచువాడు తన్ను దాను జూచుకొనుటవలన గలుగునది. అభిమాని సారథిగా నున్నంతకాలము, అనగా ఆటగానికి తోడ్పడునంతకాలము, వాని యుత్సాహమును జూచి నవ్వుచు ప్రేమింతుము. వీరుని తొలగించి యాతని చోట నిలిచిన నాడు ఆ నవ్వు ఆగును. శ్రీకాకుళ విజయనగరములందలి రెండు క్రీడాస్థలములు వీరునకొకటియు, అభిమానికొకటియు నంకితములై యుండుట యుచితముగనే యున్నది. ఆడువాడు లేక ఆట లేదు. చూచి మురియువాడు లేనిచో ఆ యాటకు గట్టున దిక్కులేదు.